ఐదడుగుల నీడ

సూపర్‌వైజర్ శశికాంత్ బూటుకాలితో ఓబయ్య అన్నం డబ్బాను వానలోకి తన్నాడు. పప్పూ అన్నం చైనాటౌన్ రోడ్డు మీద చెల్లాచెదురయ్యాయి.

"ఈ వరండాలో కూర్చోవద్దని ఎన్నిసార్లు చెప్పాలి? టూరిస్టులు ఫోటోలు తీసుకునే చోటిది. వెనక సందులోకి పోండి!"

"సందులో చెత్తడబ్బాలుండాయి సార్. వాన గూడా కురుస్తాంది. యాడ తినాల?" అన్నాడు ఓబయ్య.

"అది నా ప్రాబ్లమ్ కాదు."

ఈ పరాయి దేశంలో వీడూ మన తెలుగువాడే! అన్నాన్ని కాలదన్నకూడదని వీళ్లమ్మ చెప్పలేదా?

ఓబయ్యా, తోటి కూలీలూ బాగుచేస్తున్నది పాతకాలపు చీనా వర్తకుడి ఇల్లు. కింద మిరియాల కొట్టు, పైన కూలీలను కుక్కిన గదులు. ఇప్పుడది హోటలవుతోంది. ప్రతి కొట్టు ముందూ ఐదడుగుల వరండా వదలాలనీ, దారినపోయే ఎవడికైనా ఎండావానల్లో నీడ ఉండాలనీ ఒకప్పుడు ఈ ఊరినేలిన తెల్లదొరలు రూలు పెట్టారట. మనల్ని పీల్చి పిప్పిచేసిన దొరలే వదిలిన నీడను ఈ కాంట్రాక్టరు మింగేశాడు!

పోయిన నెలా ఇదే గొడవ. "కొండయ్యన్నా, పెద్దోడివి, నువ్వు మాట్లాడు. మేం నీ వెనకుంటాం" అని అందరూ ఆయన్ని ముందుకు తోశారు. ఊరి పంచాయితీ అలవాటు కదా, పెద్దమనిషి మాట్లాడితే చాలనుకున్నారు. మర్నాడే కొండయ్య వర్క్ పర్మిట్ రద్దు చేసి, ఇంటికి విమానం ఎక్కించారు. వెనకుంటామన్నవాళ్లు తలలొంచుకుని సిమెంటు మోశారు. ఆ సిగ్గు ఓబయ్యను తినేస్తోంది.

సాయంత్రం డార్మిటరీలో పెద్ద రచ్చయింది.

"రేపు నువ్వే మాట్నాడన్నా" అన్నాడు శ్రీకాకుళం చంటి.

"నన్ను గూడా ఇమానం ఎక్కియ్యాలనా? ఒకన్ని ముందుకు తోసి మనం దాంకునేదే తప్పురా! రేపు ఎవురూ మాట్లాడద్దు. హాకర్ సెంటర్ తిండికొట్లల్లో టిష్యూ పొట్లం పెట్టి, ఇది నాదని సీటు చోప్ చేస్తారు గదా, దాన్ని ఎవురన్నా ముట్టుకుంటారా? మన హెల్మెట్లు పెడదాం. అందరివీ."

"అందర్నీ ఇంటికి పంపేత్తే? పిల్లలేటి తింతారు?" అన్నాడు చంటి.

ఓబయ్యకూ ఇద్దరు ఆడపిల్లలు. చాలాసేపు వాదులాడుకున్నారు, తిట్టుకున్నారు. చివరికి చంటే "పెట్టేద్దారి" అన్నాడు.

మర్నాడు మధ్యాహ్నానికి నడిచేవాళ్లకు దారి వదిలి, వరండా పొడవునా హెల్మెట్లు బారుతీరాయి. పక్క మందుల కొట్టు చీనా ముసలమ్మ చూసి నవ్వింది. "చోప్ ఆ? మకాన్, మకాన్!" అంటూ, తినండి తినండని చేత్తో సైగచేసి తన స్టూలు లోపలికి జరుపుకుంది. అందరూ డబ్బాలు విప్పారు.

శశికాంత్ ఉరికొచ్చాడు. "ఎవడు పెట్టమన్నాడు? లీడర్ ఎవడు?"

అందరూ డబ్బాల మూతలు పక్కన పెట్టుకున్నారు.

"ఓబయ్యా, ఇది నీ పనే. వ్యాన్ ఎక్కు. ఇవాళే ఇంటికి!"

ఓబయ్య లేచాడు. కొండయ్య లేచిన రోజున వెనక ఒక్కడూ లేవలేదు. తిరిగి చూడటానికి భయమేసింది.

చూసేసరికి చంటి లేచి ఉన్నాడు. వాడి వెనక అందరూ లేచారు. ఒక్కుమ్మడిగా వ్యాన్ తలుపు దగ్గరికి వచ్చి నిలబడ్డారు.

"మీరెక్కడికి?" శశికాంత్ గొంతు తడబడింది.

"ఇంటికే సార్" అన్నాడు చంటి. "ఇందులో అందరం పట్టం. లారీ తెప్పించండి. అదొచ్చీదాకా ఇక్కడే కూకుని తింతాం."

అందరూ వెనక్కి వచ్చి, వరండాలో కూర్చుని అన్నం కలుపుకున్నారు.