మాట విన్న చెక్క

ఆ పొద్దున్న ఆకాశం ఎటూ తేల్చుకోలేకపోయింది. ఊరి మీద ఎండ, అడవి మీద మాత్రం దుప్పటంత ఆకుపచ్చ మబ్బు. ఆ మబ్బు కదలకుండా ఉంటే అడవి కులాసాగా ఉందని లెక్క. కదలలేదు. అన్నయ్య పెద్ద రంపం భుజాన వేసుకుని, నా వైపు చూడకుండా, "బయల్దేరమను వాణ్ణి," అన్నాడు వదినతో.

నేను ఆయనకి మూరెడు దూరంలోనే ఉన్నాను.

"విన్నావుగా మరిదీ," అంది వదిన.

"వస్తున్నానని చెప్పు."

"నాలుగు రోజుల నుంచి మీ కబుర్లు అటూ ఇటూ మోసి నా కాళ్ళు అరిగిపోయాయి. అదీ గడప దాటకుండా!"

గొడవ చిన్నదే. పిండిమర ఆయన తలుపు చేయించుకోవడానికి వచ్చినప్పుడు, అన్నయ్య చెక్క మీద గీసిన గీత చూసి, "వంకర పోయింది," అన్నాను. ఆ పెద్దమనిషి ముందే అన్నాను. ముప్పై ఏళ్ళుగా ఈ ఊళ్ళో తలుపులన్నీ అన్నయ్య గీతల మీద నిలబడ్డవే.

"నా గీత వంకరా? ఇంటి మధ్యన ఒకటి గీస్తాను, అది తిన్ననో వంకరో చూద్దువు గాని," అన్నాడు.

ఆ సాయంత్రమే సున్నం పూసిన తాడు లాగి, వెనక గోడ నుంచి వీధి గుమ్మం దాకా గీత కొట్టాడు. పొయ్యి అటు, నేను ఇటు. ఆ గీత మీద ఇవాళ చెక్క గోడ లేవాలి. గోడకి పలకలు కొయ్యాలి. మా పెద్ద రంపానికి రెండు చివర్లా రెండు పిడులు. ఒక్కడు లాగితే కదలదు. అందుకని విడిపోవడానికి ఇద్దరం కలిసి బయల్దేరాం, కబుర్లు మొయ్యడానికి వెనకే వదిన.

నాకా గోడ ఇష్టం లేదు. పెళ్ళి కానివాణ్ణి, పొయ్యి రాజెయ్యడం రానివాణ్ణి. అదొక్కటే కాదు, అన్నయ్య లేని చోట నేనెప్పుడూ కంచం ముందు కూర్చోలేదు. ఆ మాట నోటిదాకా వచ్చి వెనక్కి పోయేది. మా ఇంట్లో మగవాళ్ళకి నోరున్నది మేకులు పట్టుకోవడానికి.

మా అడవిలో దారి రోజుకో వైపు పోతుంది. ఆ రోజు వాగు పక్కన పోయింది. ఆ వాగు పొద్దున పల్లానికి పారి, మధ్యాహ్నం మిట్టకి ఎక్కుతుంది. కుక్కగొడుగులు మమ్మల్ని చూసి కిసుక్కుమన్నాయి. వాటికి ఎవర్ని చూసినా నవ్వే.

ఇక్కడి చెట్లకి నోరుండదు గానీ చెవులుంటాయి. గొడ్డలితో పని లేదు. ఎదురుగా నిలబడి, ఏం చెయ్యబోతున్నామో చెప్పాలి. ఒప్పుకుంటే, మోకాళ్ళ నొప్పుల పెద్దమ్మ చాప మీద కూర్చున్నట్టు మెల్లగా వంగి పక్కకి ఒరుగుతుంది. మర్నాటికి ఆ వేరు నుంచే కొత్త మొక్క. జాగ్రత్తల్లా ఒక్కటే, కోత మొదలయ్యాక ఎవరూ మాట్లాడకూడదు. అప్పుడు విన్నది చెక్కకి పట్టేస్తుంది, ముందు చెప్పింది మరిచిపోతుంది. మంగలి కుర్చీకి చెక్క కోస్తున్నప్పుడు ఎవరో నవ్వారు. ఇప్పటికీ అందులో కూర్చున్నవాడు నవ్వకుండా ఉండలేడు, గాటు పడకుండా లేవడు. మా చిన్నాన్న జోలపాట కూనిరాగం తీస్తూ కోసిన తలుపు ఒకటుంది. దాన్ని తట్టిన చుట్టాలు గుమ్మంలోనే నిద్రపోతారు. మార్చి ఇస్తామంటే ఆ ఇంటివాళ్ళు ఒప్పుకోరు.

అందుకే వదిన అడవిలోకి వచ్చేటప్పుడు దవడన ఎండు ఉసిరికాయ పెట్టుకుంటుంది.

అన్నయ్య ఒక నిటారు చెట్టు ముందు ఆగాడు.

"ఇంటికి అడ్డంగా గోడ పెట్టుకోవాలి," అన్నాడు.

చెట్టు చాలాసేపు ఊరుకుంది. రెండు ఆకులు రాల్చింది, ఒకటి అన్నయ్య మీద, ఒకటి నా మీద. తర్వాత ఒరిగింది.

దుంగని కోత గొయ్యి మీదికి ఎక్కించాం. పైనా కిందా గీత కొట్టాం. గీత చూస్తూ రంపం నడిపేవాడు పైన, లాగేవాడు గోతిలో. ఎప్పట్లాగే పైన అన్నయ్య, కింద నేను. రంపపు పొట్టు నా నెత్తిన వానలా పడుతోంది. వదిన గట్టు మీద కూర్చుని ఉసిరికాయని ఈ దవడ నుంచి ఆ దవడకి మారుస్తోంది.

మూరెడు కోశాక రంపం గీత తప్పింది. కింది గీతకీ దానికీ మధ్య వేలెడు సందు. నేను నోరు మెదపలేదు. చెక్క పాడైతే గోడ ఉండదు, మంచిదే అనుకున్నాను కూడా. తలెత్తి చూశాను. అన్నయ్య వంగి, ఒక చేత్తో రంపం ఆడిస్తూనే, గీతని బొటనవేలితో వెతుక్కుంటున్నాడు. వేలికీ రంపం పళ్ళకీ మధ్య గింజంత దూరం.

నా చెయ్యి ఆగిపోయింది.

"అన్నయ్యా, వేలు తియ్యి!"

వదిన ఉసిరికాయ మింగినంత పని చేసింది.

"కోతలో మాట్లాడతావేంట్రా?" అన్నాడు అన్నయ్య.

"గీత కనపడట్లేదా నీకు?"

అన్నయ్య దుంగ మీద చతికిలపడ్డాడు. "దగ్గరివి అలుక్కుపోతున్నాయి. ఎండాకాలం నుంచి."

"చెప్పొచ్చుగా."

"చెప్తే ఏం చేస్తారు? ఓ మూల కూర్చోబెట్టి ఇంత తిండి పడేస్తారు."

"మూలెందుకు? ఇంటి మధ్యలో కూర్చో. నేనూ నీ పక్కనే కూర్చుంటా. అందరం కలిసే తిందాం."

అంత పొడుగు మాట నేను అంతకు ముందు అనలేదు. అన్నయ్య కాసేపు పొట్టు దులుపుకున్నాడు.

"పైకి రా," అన్నాడు. "నేను దిగుతా. గోతిలో కళ్ళతో ఏం పని, ఎలాగూ మూసుకునే లాగాలి."

వదిన ఉసిరికాయ చేతిలోకి ఉమ్మేసింది. "గోడ సంగతి అయిపోయింది! చెక్క మొత్తం వినేసింది. పెళ్ళయిన దగ్గర్నుంచీ నేను నోరు కట్టుకుని వస్తుంటే, మొద్దుల్లాంటి మీరా ఇవాళ కబుర్లు పెట్టేది?"

మిగతా కోత తిన్నగా సాగింది.

ఇంటికొచ్చాక అన్నయ్య పలకల్ని గీత మీద నిలబెట్టి మేకులు కొట్టాడు. అన్న మాట మీద నిలబడే మనిషి. చెయ్యి తియ్యగానే పలకలు అలిసిన ఎద్దుల్లా ఒక్కటొక్కటే ఒరిగి, నడుమెత్తున, గాలిలోనే ఆగాయి. మళ్ళీ నిలబెట్టాడు. మళ్ళీ ఒరిగాయి. మూడోసారికి పొయ్యి దగ్గర నుంచి వదిన, "కాళ్ళన్నా పెట్టండి దానికి, పాపం ఎంతసేపని అలా ఉంటుంది," అంది.

నాలుగు కాళ్ళు పెట్టాం. కొలత అన్నయ్య చెప్పాడు, గీత నేను గీశాను. బల్ల సగం అటు, సగం ఇటు. వదిన ఎవర్నీ అడక్కుండా దాని కిందికి దూరి, తడిగుడ్డతో సున్నపు గీత తుడిచేసింది.

కొత్త చెక్క మొదటిసారి వాడకం మొదలైన దగ్గర్నుంచి అది పూర్తయ్యేదాకా మళ్ళీ వింటుంది. తినేటప్పుడు నోరు ఖాళీగా ఉండాలి కాబట్టి వదిన ఉసిరికాయని కిటికీలో పెట్టి, పెదాలు బిగించుకుని వడ్డించింది. అన్నయ్య నా పక్కన కూర్చున్నాడు. బొటనవేలితో బల్ల అంచు తడుముతూ పోయాడు. మొదట కోసిన ఆ మూరెడు వంకర దగ్గర వేలు ఆగింది. నా వైపు తిరిగాడు. నేను కంచంలోకి చూశాను.

ముగ్గురం తినడం మొదలుపెట్టాం. కూరలో ఉప్పు తగ్గింది. ఎవరూ ఆ మాట అనలేదు. అన్నయ్య చెయ్యి ఉప్పు గిన్నె కోసం బల్ల మీద వెతుకుతుంటే, నేను దాన్ని ఆ చేతి కిందికి జరిపాను.