జమ్లి నేర్పని ఏడుపు

తండాలో పెళ్లయి వెళ్లే ప్రతి పిల్లకూ ఏడవడం నేర్పింది జమ్లి. నవ్వకండి, అదేమీ తేలికైన విద్య కాదు. అయినవాళ్లను ఒక్కొక్కరినీ మెడ పట్టుకుని, తాగిన గంజినీ తొక్కిన వాకిలినీ తలచుకుంటూ, రాగం తప్పకుండా పాడుతూ ఏడవాలి; అప్పుడే పెద్దల దీవెన దక్కుతుంది. ఏడవకుండా పొలిమేర దాటిన పిల్ల గురించి ములకలపల్లి దాకా చెప్పుకుంటారు.

అలాంటి జమ్లి సొంత మనవరాలికి మాత్రం నేర్పనని మొండికేసింది.

శ్రావణి మిలటరీ నర్సు, కెప్టెన్. యుద్ధం నడుస్తున్న ఒక ఆఫ్రికా దేశంలో శాంతిసేన ఆసుపత్రికి ఆమెను పంపుతున్నారు. సెలవు మీద వచ్చి ఆ మాట చెప్పిన రోజు తల్లి లాలి చేటలో బియ్యం వదిలేసి ఏడ్చింది. జమ్లి లేచి మేకలను తోలుకుపోయింది.

శ్రావణికి ఆ ఏడుపు పాట మీద మనసు పడటానికి కారణం ఉంది. ట్రైనింగ్ కాలేజీ వరండాలో పాత ఫొటోలుండేవి. రెండో ప్రపంచయుద్ధంలో బర్మాకూ బస్రాకూ ఓడలెక్కి వెళ్లిన నర్సులు. తెల్లటి తలగుడ్డలు, మోయలేని బూట్లు, బెరుకు నవ్వులు. అందులో కొందరు తిరిగి రాలేదు. యుద్ధాల కథల్లో జనరళ్లకు ఉన్నంత చోటు, గాయాలు కడిగిన చేతులకు ఎక్కడిది? ఓడ ఎక్కేనాడు వీళ్ల మెడ పట్టుకుని ఏడ్చినవాళ్లు ఒక్కరైనా ఉన్నారా అని శ్రావణి అనుకునేది. తను మాత్రం నాయనమ్మ దీవెన లేకుండా పోకూడదు. ఆమె భయమంతా అదే.

"జర నేర్పు నాయినమ్మా."

"మేకలకు ఆకెయ్యాలె, జరుగు."

"అందరికీ నేర్పినవ్. నేనేం పాపం జేసిన?"

"నీకు గొంతు లేదు," అంది జమ్లి.

పోనీ నేను నేర్పుతానని పక్కింటి పూలి వస్తే ఆమెనూ తిట్టి పంపింది. అమ్మ పెట్టా పెట్టదు, అడుక్కు తినానివ్వదు అన్నట్టుంది ముసలిదాని వరస. తను వెళ్లడం ఇష్టం లేకే ఇలా సాధిస్తోందని శ్రావణి లోలోపల కుమిలిపోయింది.

బయల్దేరే ఉదయం తండ్రి కోటేష్ కొత్తగూడెం రైలుకని ఆటో తెచ్చాడు. ఆడవాళ్లు చుట్టూ మూగారు. లాలి ఆగలేక కూతురి మెడ పట్టుకుని ఆ పాట ఎత్తుకుంది. మిగతావాళ్లు గొంతు కలిపారు. శ్రావణి కళ్లు నిండిపోయాయి.

"ఆపుండ్రి!"

కర్ర పట్టుకుని జమ్లి విసురుగా వచ్చింది.

"ఏందే లాలీ గీ ఏడుపు? ఈ పాట ఎవలకు పాడ్తరు? పుట్టిల్లు ఇడిసి పరాయిదై పోయే పిల్లకు పాడ్తరు. నా మనుమరాలు గట్ల పోతున్నదా? ఆడ దవాఖానాల పని జేసుకొని మల్ల ఇంటికే వస్తది!"

పాట ఆగిపోయింది.

"గందుకేనా నాకు నేర్పనిది?" అంది శ్రావణి.

"అవ్." ముసలమ్మ కొంగుతో మనవరాలి చెంపలు గట్టిగా తుడిచింది. "తిరిగొచ్చినంక నీ పెండ్లికి నేర్పుత. అందాంక నేను సావ. జల్దీ రా."

ఆటో మలుపు తిరిగేదాకా తండాలో ఎవరినీ ఏడవనివ్వలేదు జమ్లి. ఆ తర్వాత, అందరికంటే ముందు తనే కూలబడి ఏడ్చింది.