రేగడి పోసిన గుంటలు

మీరా సాహెబ్ నాపరాయిని కట్టెల మీద వాల్చి, సుత్తితో మూలన ఒకసారి, నడిమిన ఒకసారి కొట్టి చెవి దగ్గరగా పెట్టి విన్నాడు. కంచుగిన్నెలా మోగింది. పగుళ్ళు లేవు. ఇది ఆఖరి రాయి. దీన్ని పాతేస్తే రేవు పూర్తిగా మూసుకుపోతుంది.

రోహిణీకార్తె ఎండ నెత్తి మీద కూర్చుంది. తలగుడ్డ విప్పి, మెడ తుడుచుకుని, మళ్ళీ చుట్టుకున్నాడు. కనుబొమల్లో రాతిదుమ్ము. కుడికాలి బొటనవేలికి గోరు లేదు, పెళ్ళైన ఏడు రాయి పడి పోయింది. అప్పటినుంచీ ఇదే పని. గనిలో రాయి లేపడం, చేల చుట్టూ పాతడం. ఈ మధ్య గునపం నాలుగుసార్లు ఎత్తితే ఎడమ రెక్క కింద మెలిపెడుతోంది. ఇంట్లో చెప్పలేదు. ఏరు వచ్చేదాకా ఉంటే చాలు, ఒక్కసారి చూస్తే చాలు అనుకుంటున్నాడు.

నాగులేటికి ఊరివైపున దిగడానికి ఇదొక్కటే ఏటవాలు రేవు. ఊరంతా నీళ్ళు ముంచుకున్నదీ, గొడ్లని కడిగిందీ ఇక్కడే. నిరుడు, రెండో ప్రపంచయుద్ధం ఆగిన ఏడు, చిలకలూరిపేట నుంచి లక్ష్మీనారాయణ అనే పత్తి వ్యాపారి వచ్చి గట్టు మీది పొలం కొన్నాడు. నీటి అంచుదాకా తన పట్టాయే అన్నాడు. ఆయిలింజను దింపి మిరపతోటకి నీళ్ళు తోడుకుంటూ, రేవుకి అడ్డంగా కంప కొట్టించాడు. ఊరివాళ్ళు అర్జీ పెడితే, కచేరీలో కాయితం ఆయన వైపే ఉందని తేల్చారు. ఏరు ఎవరి కాయితంలో పుట్టిందో ఎవరూ అడగలేదు.

ఆడవాళ్ళు ఎగువన నిటారు గట్టు దిగడం మొదలుపెట్టారు. మీరా సాహెబ్ భార్య హజ్రా బీ నిండు కడవతో అక్కడే జారింది. నడుము విరిగి పదకొండు రోజులు మంచంలో ఉంది. ఆమె దాహం అన్నప్పుడల్లా ఆయన ఆ గట్టే దిగి, ఆ గట్టే ఎక్కి నీళ్ళు తెచ్చాడు. పన్నెండోరోజు ఆ నీళ్ళతోనే ఆమెకి స్నానం చేయించారు.

చలికాలం పోగానే ఆయనే వెళ్ళి లక్ష్మీనారాయణ ముందు నిలబడ్డాడు. కంపకి చెదలు పడతాయి, నాపరాళ్ళు పాతుతానని చెప్పాడు. ఊరు ముఖాన ఉమ్మేసినంత పని చేసింది. కోడలు అబిదా మూడు రోజులు అన్నం పెట్టింది గానీ మాట్లాడలేదు.

మట్టి మోయడానికి పాపమ్మ కుదిరింది. మొదటిరోజే తట్ట చంకన పెట్టుకుని అడిగింది.

"బాబాయ్, గుంటల్లోకి గరుసు ఎక్కడ తవ్వాల?"

"గరుసొద్దు. చేలో రేగడి తే."

పాపమ్మ కాసేపు ఆయన ముఖంలోకి చూసింది. గుంటలో గరుసూ రాళ్ళముక్కలూ కూరితేనే రాయి నిలుస్తుందని పల్నాట్లో పాలు తాగే పిల్లకి కూడా తెలుసు. రేగడి ఎండలో ఇనుమల్లే బిగుస్తుంది. తడిసిందా, వేలు దిగిపోతుంది.

"ఏరు రాదా బాబాయ్?"

"వస్తది."

పాపమ్మ తట్ట ఎత్తుకుని చేలోకి నడిచింది. ఆ రోజునుంచీ నల్లమట్టి మోస్తూనే ఉంది. దారినపోయేవాళ్ళు తట్టలోకి చూశారు, గుంటల్లోకి చూశారు, ముఖాలు తిప్పుకుని పోయారు. ముఖాన ఉమ్మబోయినవాళ్ళే ఎదురైతే సలాం చేయసాగారు. పేటాయనకి మాత్రం ఎవరూ చెప్పలేదు.

ఇవాళ పొద్దున లక్ష్మీనారాయణ గొడుగేసుకుని వచ్చి, ఒక్కో రాయికీ భుజం ఆనించి నెట్టి చూశాడు. ఏదీ కదల్లేదు.

"గట్టోడివేనయ్యా సాయిబూ. మీ ఊరోళ్ళు నా మీద ఏడుస్తున్నారంట గదా?"

"ఏడవనీయండయ్యా. ఎండాకాలమేగా, కళ్ళు తొందరగా ఆరతయ్."

ఆయన నవ్వుకుంటూ ఇంజను దగ్గరికి వెళ్ళాడు.

పొద్దు నడినెత్తికొచ్చేసరికి అబిదా జొన్నరొట్టెలు తెచ్చింది. చంకలో ఆరునెలల మైమూనా. అత్త జారిన గట్టు పక్కగా వచ్చినంతసేపూ బిడ్డని రెండు చేతులా అదుముకునే వచ్చింది. పాప ఒళ్ళు కాలుతోందేమోనని నుదురు మాటిమాటికీ తాకి చూసింది. రాయి నీడన చతికిలబడి, వీపు ఆనించి, పాలివ్వబోయింది.

"అమ్మాయ్, దానికి ఆనుకోమాక."

ఏనాడూ గొంతు లేపని మనిషి. అబిదా ఉలిక్కిపడి లేచింది. రాయి మొదట్లోకి చూసింది. గరుసు ఎర్రన కనబడాల్సిన చోట, ఊళ్ళో విన్నట్టే, నల్లగా ఉంది. బిడ్డ తలని గుండెకి అదుముకుంది.

"మామా, ఎవరి పిల్లోళ్ళన్నా ఆడుకుంటా వస్తే?"

"మొదటి వానకే గొడ్లనీ పిల్లల్నీ ఇటు రానీయొద్దని ఇంటింటికీ చెప్పించా. పేటాయన ఇంటికి తప్ప."

అబిదా చెట్టునీడకి పోయి కూర్చుంది. ఆ రోజు రొట్టె మీద ఆమె వెన్నముద్ద పెట్టి తెచ్చిందని ఆయన అప్పుడు చూశాడు.

ఆమె వెళ్ళాక ఆఖరి రాయి నిలబెట్టారు. పాపమ్మ రేగడి పోసింది, ఆయన నీళ్ళు చిలకరించి దిమ్మిసతో కొట్టాడు. తరవాత గునపం తీసుకుని రాళ్ళ వరసకి ఇవతల, హజ్రా బీ రోజూ కడవ దించి ఊపిరి తీసుకునే చోట నిలబడ్డాడు. పైమట్టి దాటించి, కింది గరుసులోకి దిగేదాకా పొడిచాడు. పొడిచి తిప్పాడు, తిప్పి పొడిచాడు. జానెడు మిగిలేదాకా ఆపలేదు.

"అదెందుకు బాబాయ్?"

"ఇది నా పాతుడు. ఆ రాళ్ళు ఆయనకి."

నీళ్ళు కావాలన్నాడు. పాపమ్మ నిటారు గట్టు చుట్టి తెచ్చేసరికి మీరా సాహెబ్ గునపం పక్కన కూర్చుని, ఏటివైపు చూస్తూ ఉన్నాడు. పిలిస్తే పలకలేదు. చెంబు పక్కన పెట్టి ఆయన కళ్ళు మూసింది. ఏటిలో అప్పటికి మోకాలి లోతు నీళ్ళయినా లేవు.

శ్రావణంలో నాగులేరు ఒకే పూటలో వచ్చింది. రాళ్ళు ఒకదాని వెంట ఒకటి ఏటిలోకి బోర్లాపడ్డాయి. వాటి వెనకున్న ఇంజను బురదలో ముక్కుదాకా కూరుకుని, మూడోనాటికి కనబడకుండా పోయింది. లక్ష్మీనారాయణ గట్టు మీద నిలబడి అరిచాడు. గుంటల్లో ఏం పోశారని అడిగాడు. మట్టే పోశామయ్యా అని చెప్పింది పాపమ్మ. మళ్ళీ రాళ్ళు పాతే మనుషుల కోసం కబురు పెట్టాడు గానీ, ఆ చుట్టుపక్కల ఏ ఊరివాడూ రాలేదు.

వరద తీశాక చూస్తే, పడిన నాపరాళ్ళు ఒకదాని కింద ఒకటిగా నీటిదాకా మెట్లు పరిచినట్టున్నాయి. ఆడవాళ్ళు వాటి మీద కడవలు దించారు, బట్టలు బాదారు. అబిదా మైమూనాని నడుముకి కట్టుకుని, ఒక్కో రాయినీ కాలితో తట్టి చూసుకుంటూ దిగింది. పైన, గరుసులో దిగిన గునపం చెక్కుచెదరకుండా ఉంది. దాని పైకొస మీద తడి పొత్తిగుడ్డ ఒకటి ఆరుతోంది.