లైవ్ ఆగని ఆరో రోజు

మా అక్క మిలాగ్రోస్ పోయి ఆరో రోజు. పోయినవాళ్లకు తొమ్మిది రోజుల ప్రార్థన ఫిలిప్పీన్స్‌లోని మా ఇలోయిలోలో ఎప్పుడూ ఉన్నదే. దాన్ని ఫోనులో లైవ్ పెట్టడం మాత్రం ఈమధ్యే మొదలైంది. దేశాలు పట్టిపోయిన చుట్టాలంతా చూస్తారు. ఫోను అక్క చిన్నకూతురు జొనలిన్‌ది. రోజూ బాలయేసు విగ్రహానికి ఆనించి పెట్టేది, అయ్యాక ఆపేది.

ఆ రోజు ఆపకుండానే పొరుగిళ్లకు బీకో పంచడానికి వెళ్లింది. జిగురు బియ్యంలో కొబ్బరిపాలు, బెల్లం వేసి వండిన ఆ బీకో తింటూ నేనూ పక్కింటి పాసింగూ అక్కడే కూర్చున్నాం. నా నోట్లో నువ్వుగింజ నానదని ఊరంతా అంటారు. అబద్ధమేం కాదు. జొనలిన్ అక్క కూతురు కాదనీ, పెద్దమ్మాయి రోవెనా పెళ్లి కాకుండా కన్న బిడ్డనీ, పరువు కోసం అక్క తన బిడ్డగా రాయించుకుందనీ పూసగుచ్చినట్టు చెప్పాను. పెద్దవాళ్లందరికీ తెలిసిందే. తెలియనిది ఆ పిల్లకే. దోహాలో ఉన్న రోవెనాని పదిహేడేళ్లుగా అక్కా అనే పిలుస్తోంది.

చెప్పడం ముగించి చూస్తే తెరమీద నలభై ఒక్క మంది. ఆపడం చేతకాక ఫోను బోర్లించాను. పాసింగ్‌కి అప్పుడే ఇంటిపని గుర్తొచ్చింది.

జొనలిన్ వచ్చి, ఫోను తీసుకుని పెరటి మెట్ల మీద కూర్చుంది. రోవెనా డ్యూటీ దిగగానే ఆ వీడియో చూస్తుంది. ఇక ఆగలేక వెళ్లి, ప్రార్థన తప్పు చదివాను, తీసెయ్యమ్మా అన్నాను.

“తీసేశా పిన్నీ. బీకో ఇవ్వడానికి వెళ్తే పాసింగ్ వాళ్లింట్లో మీ మాటలే మోగుతున్నాయి.”

నాకు ఏడుపొచ్చింది. తప్పయిపోయిందన్నాను.

“చూసినవాళ్లందరికీ మెసేజ్ పెట్టా, నాకు తెలిసిందని అక్కకి చెప్పొద్దని. నువ్వూ చెప్పకు. డిసెంబర్లో వస్తుందిగా. తనే చెప్పాలి.”

అంతలో నా ఫోను మోగింది. రోవెనా. వీడియో ఏమైందని అడిగింది. కరెంటు పోయిందన్నాను. జొనలిన్ నా నోటివంకే చూస్తోంది.

“చెల్లి తిన్నదా పిన్నీ?”

“తిన్నానక్కా,” అని పక్కనుంచి జొనలిన్ అంది, రోజూ అనే గొంతుతోనే.