లేని కోటకు కట్టిన తాడు

నేను ఒక కొబ్బరిపీచు తాడును. నా ఒంటిమీద ఐదు ముడులున్నాయి. ఐదో ముడిని పట్టుకునే చేతిని పోగొట్టుకున్న రోజు ఆదివారం. పొద్దుటి ఎండ ఇంకా మెత్తగానే ఉంది. పాండిచ్చేరిలో సముద్రానికి దగ్గరగా ఉన్న పార్కులో, నన్ను ఐదు మూలలకు లాగి పట్టుకుని ఐదుగురు మనుషులు గడ్డిమీద నిలబడ్డారు. దమయంతి టీచరుగారు మధ్యలో నిలబడి కోట కథ చెబుతున్నారు. సముద్రం వైపు మూలలో ఉన్న ఆవిడ చెల్లెలు కుసుమ, కథ పూర్తికాకముందే నేలమీద కూర్చుండిపోయింది. అందరూ నవ్వారు.

ఎందుకు నవ్వారో చెప్పాలంటే మొదటినుంచీ రావాలి. నాకు ఓపిక తగ్గింది. అయినా చెబుతాను.

నేను పుట్టింది యానానికి ఎగువన, గోదావరి పాయలో ఒక లంక గ్రామంలో. కొబ్బరి డొక్కలను నీటిగుంటలో నెలల తరబడి నానబెట్టి, కర్రలతో బాది, పీచు తీసి, ఎండబెట్టారు. ఒకామె చక్రం తిప్పుతుంటే మరొకామె నడుముకు పీచు కట్టుకుని, వేళ్ళతో వదులుతూ, వెనక్కి నడిచింది. అలా వెనక్కి నడిచిన దారంతా తాడయింది. మనుషులు ముందుకు నడిచి ఏం తయారుచేస్తారో అప్పటికి నాకు తెలియదు.

మొదట నన్ను కొన్నవాడు సత్తియ్య అనే పడవవాడు. యానాం రేవులో పడవను కట్టడం నా పని. ముడి సరిగ్గా వేయడు, పడవ జారిపోతే నన్ను తిట్టేవాడు. తాళ్ళ బతుకంతా ఇంతే. ముడి వేసేది వాళ్ళు, మాట పడేది మేము.

ఆ ఊళ్ళో ఒక గుమాస్తాగారు ఉండేవారు. యానాం ఎక్కడో గోదావరి ఒడ్డున ఉన్నా దాని సర్కారు మాత్రం పాండిచ్చేరిలో ఉంది. ఎప్పుడో ఫ్రెంచివాళ్ళు చేసిన ఏర్పాటు. వాళ్ళు వెళ్ళిపోయినా ఏర్పాటు మిగిలింది. అందువల్ల గుమాస్తాగారికి అంతదూరం బదిలీ అయింది. ఆయన ట్రంకుపెట్టె మూత పడకపోతే సత్తియ్య నన్ను విప్పి ఇచ్చాడు. పెట్టెను నాతో బిగించి, ఇద్దరు ఆడపిల్లలను వెంటబెట్టుకుని, ఆయన ఈ ఊరు వచ్చారు. పెద్దపిల్ల దమయంతి, చిన్నపిల్ల కుసుమ.

ఇక్కడ నేను పెరట్లో బట్టల దండెమయ్యాను. ఏళ్ళ తరబడి ఒక ఇంటి బట్టలు మోస్తే ఆ ఇంటి చరిత్ర తెలుస్తుంది. గౌన్లు పోయి పరికిణీలు వచ్చాయి, పరికిణీలు పోయి చీరలు వచ్చాయి. గుమాస్తాగారి పంచెలు ఒకనాటినుంచి రాలేదు. కుసుమ చీరలు పెళ్ళితో వెళ్ళిపోయి, కొన్నేళ్ళకు రంగులు తగ్గి తిరిగి వచ్చాయి. ఆమె ఆ సంగతి మాట్లాడేది కాదు, అక్క అడిగేది కాదు. టెలిఫోను ఆఫీసులో ఉద్యోగం చేసుకుంటూ, రోజల్లా మాట్లాడి వచ్చి, ఇంట్లో ఇంకా మాట్లాడేది. దమయంతి టీచరుగారు బడిలో చరిత్ర పాఠం చెప్పి వచ్చి, ఇంట్లో చెల్లెలి మాటలు వినేవారు.

ఉద్యోగం అయిపోయాక టీచరుగారు మన వైపునుంచి వచ్చే యాత్రికులకు ఆదివారం పొద్దున్నే ఊరు నడిపించి చూపించడం మొదలుపెట్టారు. బీచిరోడ్డు, పాత రేవు, తెల్లవాళ్ళ పేటకూ నల్లవాళ్ళ పేటకూ మధ్య తవ్విన కాలువ, పసుపుగోడల వీధులు. అన్నీ బాగానే ఉండేవి. కోట దగ్గరకు వచ్చేసరికి చిక్కు. ఈ ఊరికి ఒకప్పుడు ఐదు మూలల కోట, ఊరి చుట్టూ గోడ ఉండేవి. ఇంగ్లీషువాళ్ళు నెలల తరబడి ముట్టడించి, లోపలివాళ్ళకు తిండి లేకుండా చేసి, ఊరు పట్టుకుని, రెండిటినీ నేలమట్టం చేశారు. ఇప్పుడు అక్కడ పార్కు ఉంది. జనం పార్కును చూసి, టీచరుగారిని చూసి, మళ్ళీ పార్కును చూసేవారు. ఒకాయన కోటేదండీ అని అడిగాడు. ఇదేనండీ అన్నారు టీచరుగారు. ఆయన చెప్పులు దులుపుకుని, గోల్కొండ ఇంతకంటే నయం అన్నాడు.

ఆ సాయంత్రం టీచరుగారు అన్నం సరిగ్గా తినలేదు. కుసుమ పెరట్లోకి వచ్చి, తడిబట్టలు తీసి గోడమీద వేసి, నన్ను రెండు వైపులా విప్పింది.

"అయిదు మూలలే కదా అక్కా ఆ కోటకి? అయిదు ముడులేసెయ్. అయిదుగురి చేత పట్టించు."

"మనుషుల్ని గోడలాగ నిలబెట్టమంటావా?"

"నీ క్లాసులో పిల్లలు నీకు గోడల్లా కూచోలేదేటి ముప్పయ్యేళ్ళు?"

టీచరుగారు నవ్వారు. నా రెండు కొసలూ కలిపేసి, ఐదు ముడులూ ఆవిడే వేశారు. సత్తియ్య ముడుల్లాగ కాదు, ఒక్కటీ జారలేదు.

అప్పటినుంచి ప్రతి ఆదివారం నేను కోటనయ్యాను. నలుగురు యాత్రికులు నాలుగు ముడులు పట్టుకునేవారు. సముద్రం వైపు ఐదో ముడి కుసుమది. ఆ మూల ఎవరికీ ఇచ్చేది కాదు. నలుగురు పట్టుకుంటే పెళ్ళిపందిరండీ, అయిదో మనిషుంటేనే కోట అని చెప్పేది. పట్టుకున్నవాళ్ళను చూస్తూ నాకు బోలెడంత పొద్దుపోయేది. ఊళ్ళో ఏ మాటా చెల్లనివాడు ఇక్కడ నన్ను గుంజి పట్టుకుని, పక్క మూలలో ఉన్న భార్యకు, వదులు చేస్తే శత్రువు వచ్చేస్తాడని ఆజ్ఞలు వేసేవాడు. లేని గోడకు అంత కాపలా కాసిన జనం, నడక అయ్యాక తమ సంచులు బెంచీమీద మరిచిపోయేవారు.

టీచరుగారు మధ్యలో నిలబడి ముట్టడి చెప్పేవారు. సముద్రంలో ఓడలు, నేలమీద ఫిరంగులు, లోపల ఆకలి. చివర ఒక్క క్షణం ఆగి, "వదిలేయండి" అనేవారు. ఐదు చేతులూ ఒక్కసారి వదిలేవి. నేను గడ్డిమీద పడేదాన్ని. అప్పుడు కుసుమ కూడా నేలమీద చతికిలబడి, "మా గోడ పడిపోయిందండి. ఇంగ్లీషోళ్ళొచ్చేశారు. ఇంక కాఫీలకి పదండి" అనేది. ఊరి చివర గోడ పోయిన చోట వేసిన పెద్ద రోడ్డు చూడటం ఇంకా మిగిలి ఉండగానే జనం కాఫీకి కదిలేవారు. టీచరుగారు విసుక్కునేవారు. విసుగు పైపైనే.

ఆ ఆదివారం టీచరుగారు ఆకలి దగ్గర ఉన్నారు. కోటలో గింజలు అయిపోయాయని చెబుతున్నారు. కుసుమ కూర్చుండిపోయింది. జనం నవ్వారు. టీచరుగారు అటు పూర్తిగా తిరగకుండానే, "నేనింకా చెప్పలేదు కుసుమా. లే. ముట్టడి అవలేదు" అన్నారు. జనం ఇంకా నవ్వారు.

ప్రతి ఆదివారం కుసుమ నన్ను వదిలి కూర్చునేది. ఆ రోజు వదలకుండా కూర్చుంది. ముడి మీద ఆమె వేళ్ళు బిగిసి ఉన్నాయి. ఆ తేడా నాకు తెలిసింది. చెప్పడానికి నాకు నోరు లేదు. టీచరుగారు ఇంకో రెండు మాటలు చెప్పారు. నాలుగో ముడి పట్టుకున్న రత్నావతి అనే తణుకు ఆవిడ వంగి చూసి, "టీచరుగారూ, ఈవిడ పలకట్లేదండి" అంది.

ఆటో వచ్చింది. అందరూ వెళ్ళారు. నేను ఐదు మూలలుగా గడ్డిమీదే ఉండిపోయాను. మధ్యాహ్నం పార్కు కాపలాదారు చుట్టగా చుట్టి గేటుకు తగిలించాడు. కర్మకాండ అయ్యాక టీచరుగారు స్వయంగా వచ్చి నన్ను తీసుకువెళ్ళారు.

అప్పటికప్పుడు చూసినా చేయగలిగింది ఏమీ ఉండేది కాదని డాక్టరుగారు చెప్పారట. ఆ మాట చెప్పి ఓదార్చడానికి చాలామంది ఇంటికి వచ్చారు. పిల్లవాడు చెప్పిన జవాబు సరైనదే అయినా అడిగిన ప్రశ్నకు కానప్పుడు బడిలో ఎలా తలూపేవారో, టీచరుగారు వాళ్ళందరికీ అలాగే తలూపారు. పెరట్లో కొత్త నైలాను తాడు కట్టించారు. దానిమీద ఒక్కరి చీరలే ఆరాయి. నన్ను వంటింటి తలుపు వెనక మేకుకు తగిలించారు. యాత్రికులు ఫోను చేస్తే నడకలు లేవండీ అనేవారు. ఎందుకని అడిగితే, లేవండీ అని మళ్ళీ అదే మాట అనేవారు. ఆ ఇంట్లో ఒకప్పుడు మాటలకు చోటు చాలేది కాదు. ఇప్పుడు కుక్కరు కూత అయిపోయాక చాలాసేపు ఏమీ వినిపించేది కాదు.

ఏడాది తిరిగాక రత్నావతి వచ్చింది. భర్తనూ, ఆడపడుచునూ, పక్కింటి దంపతులనూ వెంటబెట్టుకుని వచ్చింది. వాళ్ళను హోటల్లో దింపి, ఒక్కతే ఇంటికి వచ్చి, వంటింటి గుమ్మం దగ్గర పీట మీద కూర్చుంది. కుసుమ గురించి ఏమీ అనలేదు. కాఫీ తాగి, గ్లాసు కింద పెట్టి, అసలు మాట చెప్పింది.

"ఆ రోజు కథ సగంలో ఆగిపోయిందండి. మా ఆయనకి చెబుదామంటే, ఆ కోట ఏవైందో నాకే తెలీదు."

"పుస్తకాల్లో ఉందమ్మా" అన్నారు టీచరుగారు.

"పుస్తకం చదివేదాన్నయితే తణుకు నించి రెండు రైళ్ళు మారి ఎందుకొస్తానండీ?"

టీచరుగారు చాలాసేపు స్టవ్వు తుడిచారు. చివరకు, నడక చేద్దాం, తాడు మాత్రం ఉండదు అన్నారు. రత్నావతి సరేనంది. ఆదివారం పొద్దున్న చెప్పులు వేసుకున్నాక టీచరుగారు మళ్ళీ లోపలికి వచ్చి, నన్ను మేకునుంచి తీసి సంచిలో పెట్టుకున్నారు. ఎందుకో నాకు చెప్పలేదు.

నడక అంతా తిరగేశారు. చివర చూపించే పెద్ద రోడ్డు మొదట చూపించారు. తరవాత కాలువ, తరవాత వీధులు, తరవాత రేవు. గొంతు బాగానే ఉంది. ఒక్క తారీఖూ తప్పలేదు. కానీ మాటకు మాటకు మధ్య, ఎవరో ఏదో అంటారని కాస్త చోటు వదిలేవారు. అన్నీ అయిపోయి, ఇక పార్కు ఒక్కటే మిగిలింది.

గడ్డిమీద నన్ను విప్పారు. నాలుగు ముడులు నలుగురికి ఇచ్చారు. ఐదోది తమ చేతిలో ఉంచుకుని సముద్రం వైపు మూలకు వెళ్ళి నిలబడ్డారు. అక్కడనుంచి కథ మొదలుపెట్టబోయి ఆగిపోయారు. కథ మధ్యలో నిలబడి చెప్పాలి. గోడ మూలలో నిలబడి పట్టుకోవాలి. ఒక్క మనిషి రెండూ చేయలేదు. నాలుగు మూలలవాళ్ళూ ఎదురుచూస్తున్నారు.

తాడు లేకుండా మిగిలిన రత్నావతి దగ్గరకు వచ్చి చెయ్యి చాపింది.

"ఇలా ఇవ్వండి టీచరుగారూ. కథ మీకే వచ్చు. పట్టుకోడం మాకూ వచ్చు."

టీచరుగారు ఆ చేతిని చూశారు. నన్ను చూశారు. తరవాత ఇచ్చారు.

మధ్యకు వెళ్ళి చెప్పారు. ఓడలు, ఫిరంగులు, ఆకలి. క్రితం ఏడాది ఆగిన చోట ఆగలేదు. గింజలు అయిపోయాక ఏమైందో, ఊరు ఎలా లొంగిపోయిందో, ఆ గోడలను పడగొట్టడానికి ఎంతకాలం పట్టిందో చెప్పారు. రత్నావతి రెండు చేతులతో నన్ను పట్టుకుని వింది. కథ అయిపోయింది. ఇక ఒక్క మాటే ఉంది.

టీచరుగారు నోరు తెరిచి, మూశారు. సముద్రపు గాలికి నేను కొద్దిగా ఊగాను. రత్నావతి భర్తకు చేతులు లాగుతున్నాయి కాబోలు, ఇంకా ఎంతసేపండీ అని నెమ్మదిగా అడిగాడు.

"ఒక్కొక్కరూ మీ మూల తెచ్చి నా చేతికి ఇవ్వండి" అన్నారు టీచరుగారు.

వాళ్ళు అలాగే చేశారు. ఒక్కో ముడినీ పట్టుకుని నడిచి వచ్చి ఆవిడ చేతిలో పెట్టారు. చివరగా రత్నావతి ఐదోది తెచ్చింది. ఆవిడ నన్ను చుట్టగా చుట్టి సంచిలో పెట్టుకుని, దగ్గరలో మంచి కాఫీ ఉందని చెప్పి వాళ్ళను తీసుకువెళ్ళారు. నేను గడ్డిని తాకలేదు.

ఇప్పుడు మళ్ళీ ఆదివారాలు నడక ఉంది. నా పీచు రాలుతోంది, మూడో ముడి దగ్గర రెండు పోగులు తెగాయి. ఐదో మూలను వచ్చినవాళ్ళలో ఎవరో ఒకరు పట్టుకుంటున్నారు. టీచరుగారు కథ చివరిదాకా చెబుతున్నారు. "వదిలేయండి" అనే మాట మాత్రం ఇంకా అనలేదు.