నాలుగో భాగం

ఏ పనైనా ముందే చేసి పెట్టుకోకపోతే దేవకృపకు అన్నం సహించదు. సోమవారం బడికి కట్టుకెళ్ళే చీర శనివారమే ఇస్త్రీ అయిపోవాలి. తిరుమలగిరిలో వాళ్ళ చర్చి సంఘంలోని స్త్రీల సమాజానికి ఫేస్‌బుక్ పేజీ ఉంది. రోజూ పొద్దున ఆరింటికి అందులో వచ్చే బైబిలు వాక్యాలను వారానికి సరిపడా ఆదివారమే షెడ్యూల్ చేసేస్తుంది, వేళకు అవే వచ్చేస్తాయి. "రేపు రావాల్సిన తుమ్ము ఇవాళే తుమ్మేసే రకం నువ్వు" అని భర్త యెషయా వేళాకోళం చేసేవాడు.

ఆ యెషయా ఒక ఆదివారం సాయంత్రం మోండా మార్కెట్లో వంకాయలు ఏరుతూ ఏరుతూ కుప్పకూలిపోయాడు. మెదడులో నరం చిట్లిందన్నారు డాక్టర్లు. ఐసీయూ బయట బెంచీ మీద కూర్చుని దేవకృప వెక్కివెక్కి ఏడ్చింది. స్త్రీల సమాజం పెద్ద కాంతమణి వచ్చి పక్కన కూర్చుంది.

"ఏడ్చుకుంట కూసుంటే విశ్వాసం ఎట్లైతది కృపా? బాగైండనుకోని ముందుగాల్నే స్తోత్రం చెప్పాలె. సాక్ష్యం రాసి మన పేజీల పెట్టు."

జబ్బు నయమయ్యాక, దేవుడు చేసిన మేలు ఇదని నలుగురిలో సాక్ష్యం చెప్పడం ఎక్కడైనా ఉన్నదే. నయం కాకముందే చెప్తే దేవుడు మొహమాటపడి నయం చేస్తాడని కాంతమణి లెక్క. మునిగిపోయేవాడికి గడ్డిపోచే ఆధారం. దేవకృప ఆ బెంచీ మీదే సాక్ష్యం అయిదు భాగాలుగా రాసి, రోజుకొకటి చొప్పున షెడ్యూల్ చేసేసింది. మొదటి భాగంలో ఆయన పడిపోయాడు. రెండో దాంట్లో డాక్టర్లు పెదవి విరిచారు. మూడో దాంట్లో సంఘమంతా ఉపవాస ప్రార్థన చేసింది. నాలుగో దాంట్లో ఆయన కళ్ళు తెరిచి కాఫీ అడిగాడు. అయిదో దాంట్లో ఇంటికొచ్చాడు. నాలుగో భాగం రాస్తున్నంతసేపూ ఆమెకు నిజంగానే కాస్త ఊపిరాడింది.

మూడో భాగం వచ్చిన రోజు సాయంత్రం యెషయా పోయాడు.

దూరాన ఉన్న తల్లికి చావు కబురు ఫోన్లో చెప్పే ఆచారం మనకు లేదు. "కొంచెం సీరియస్‌గా ఉంది, బయల్దేరి రండి" అంటాం. వినేవాళ్ళకు సగం తెలిసిపోతుంది. ఆ సగాన్ని దారంతా ఏడ్చుకుంటూ వచ్చి, మిగతా సగం గుమ్మంలో చూస్తారు. తెనాలిలో ఉన్న అత్తగారు విమలమ్మకూ అలాగే చెప్పి రైలెక్కించారు.

మర్నాడు తెల్లారేసరికి ఇంటి ముందు షామియానా వేసి, కుర్చీలు పరిచారు. ముందుగదిలో ఫ్రీజర్ బాక్సు. దాని పక్కన చాప మీద దేవకృప కూర్చుని ఉంది. పాటల గుంపులో పాడే షెకీనా లోపలికొచ్చి, ఏమీ అనకుండా తన ఫోన్ ఆమె ముందు పెట్టింది.

"నాలుగో భాగం. ఈరోజు మావారు కళ్ళు తెరిచారు. కాఫీ కావాలని అడిగారు. దేవునికి స్తోత్రం." దాని కింద వరసగా హల్లెలూయాలు.

దేవకృప దిగ్గున లేచింది. తన ఫోన్ రాత్రే చచ్చిపోయి సంచిలో పడి ఉంది. ఛార్జింగ్ పెట్టి, అది ప్రాణం పోసుకునేదాకా గోడకు ఆనుకుని నిలబడి, నాలుగో భాగాన్నీ అయిదో భాగాన్నీ తీసేసింది. అప్పుడు గుర్తొచ్చింది, ఆ పేజీ అత్తగారి ఫోన్లోకీ వస్తుందని. స్టేషన్‌కి వెళ్ళిన తమ్ముడు శాంతికుమార్‌కి ఫోన్ చేస్తే ఎత్తలేదు. ఆయన్ను బతికించమని దేవుణ్ణి అంతగా అడిగిన మనిషి, ఇప్పుడు ఒకే ఒక్క చిన్న సంగతి అడిగింది. ఆవిడ చూడకుండా ఉంటే చాలు.

ఆటో వచ్చి ఆగింది. ముందు దిగి గుమ్మంలోకి వచ్చిన శాంతికుమార్ అక్క ముఖంలోకి చూడలేదు.

"అక్కా, మీ అత్త ఫోన్ల వచ్చింది రైల్ల పక్క సీటామె సదివి వినిపిచ్చిందంట. దిగినకాన్నుంచి నవ్వుతనే ఉంది. నాకు నోరు రాలే."

విమలమ్మ ఆటో దిగింది. చేతిలో ఫ్లాస్కు. షామియానా వైపు, తెల్లచీరలు కట్టుకున్న ఆడవాళ్ళ వైపు, పాటల పుస్తకం పట్టుకున్న పాస్టరుగారి వైపు చూసింది. ముఖమంతా వెలిగిపోయింది.

"అప్పుడే కృతజ్ఞతా కూడిక పెట్టేశారా అమ్మా? వాణ్ణి ఇంటికి తెచ్చేశారన్నమాట."

కుర్చీల్లో ఉన్నవాళ్ళంతా ఒక్కొక్కరే లేచి నిలబడ్డారు.

"కాఫీ అడిగాడంటగా. స్టేషన్లో వేడిగా పోయించుకొచ్చాను" అంటూ ఆవిడ గుమ్మం దగ్గర చెప్పులు విడిచింది. "ఎక్కడ పడుకోబెట్టావు?"

 దేవకృప అత్తగారికి అడ్డంగా నిలబడి ఫ్లాస్కు పట్టుకుంది. ఆవిడ వదల్లేదు.

"ఆయన కాఫీ అడగలేదు అత్తయ్యా. అది నేనే రాశాను."

విమలమ్మకు అర్థం కాలేదు. కోడలి భుజం మీదుగా లోపలికి చూసింది. గాజు మూత కనిపించింది, దాని మీద పూలదండ కనిపించింది.

"మరి కళ్ళైనా తెరిచాడా?" అంది ఆవిడ.

దేవకృప తల అడ్డంగా ఊపింది.