అదనపు ముక్కలో నేను

నేను ఒక పింగాణి కోడిపిల్లను. ఉసిరికాయంత కూడా ఉండను. ఫ్రాన్సులో జనవరి వచ్చిందంటే బాదంముద్ద కూరిన గుండ్రటి రొట్టె కాల్చి, అందులో నాలాంటి బొమ్మను దాచిపెడతారు. ఇంట్లో చిన్నపిల్ల బల్ల కింద దూరి, ఏ ముక్క ఎవరికో చెబుతుంది. నేను ఎవరి పంటికి తగిలితే వారు ఆ రోజుకు రాజు. కాగితం కిరీటం పెట్టుకుంటారు, వారి మాట అందరూ వినాలి. ఇంకో ముక్క అదనంగా ఉంచుతారు, తలుపు తట్టినవారి కోసం.

పారిస్‌ని ఆనుకున్న మోంత్రేయ్‌లో చెప్పులు కుట్టే అర్మాన్ ఒకప్పుడు బేకరీ రొట్టెలో నన్ను కొరికి, పన్ను విరగ్గొట్టుకుని, అయినా ఇంటికి తెచ్చి దాచుకున్నాడు. అర్మాన్ పోయాడు. బేకరీ పోయి జిమ్ వచ్చింది. ఆయన భార్య జోసెట్ ఇప్పుడు రొట్టె ఇంట్లోనే కాలుస్తుంది. అంతా అదృష్టమే అంటుంది గాని, నేనున్నచోట పైన చిన్న గాటు పెట్టి, బల్ల కింద కూతురి కూతురు లిజ్‌కి కాలితో సైగ చేస్తుంది.

కిందటేడు కొడుకు దిదియే ఆమెతో మాటైనా చెప్పకుండా తండ్రి కొట్టును ఫోన్లు బాగుచేసే బకారీకి అద్దెకిచ్చాడు. అంతే, తల్లీకొడుకుల మధ్య మాటల్లేవు. ముందు వాడు పలకాలని ఈమె, ముందు అమ్మ పిలవాలని అతను.

ఈసారి గాటు అదనపు ముక్కమీద పడింది. దిదియే వస్తాడు, రాజవుతాడు. రాజు రాణిని ఎంచుకోవాలి కదా, తల్లిని కాక ఎవరిని ఎంచుకుంటాడు? ఎత్తు బాగానే ఉంది. పిలవడం మాత్రం పిలవలేదు, మహాతల్లి.

తలుపు చప్పుడైంది. వచ్చింది బకారీ.

"అర్మాన్ గారి పేర ఉత్తరమండీ. మా కొట్లో వేసిపోయారు."

జోసెట్ పళ్ళేనికి చెయ్యి అడ్డం పెట్టింది. "రొట్టె అయిపోయింది బాబూ..."

"ఉంది కదా అమ్మమ్మా, ఆ ముక్క," అంది లిజ్ బల్ల కిందనుంచి.

ఆచారం ఆచారమే. బకారీ కొరికాడు, దవడ పట్టుకున్నాడు, కిరీటం పెట్టించుకున్నాడు.

"రాజు ఏం చెప్పినా వింటారాండీ?"

"వినాలి. ఏం చేస్తాం?"

అతను ఫోను తీసి, నంబరు నొక్కి ఆమె చేతిలో పెట్టాడు. "మీ అబ్బాయి వారం వారం వచ్చి, వాళ్ళ నాన్న స్టూలు మీద ఊరికే కూర్చుని పోతాడండీ. మాట్లాడండి."

జోసెట్ ఫోను చెవికి ఆనించుకుంది. "ఏరా, నీ ముక్క బకారీ తినేశాడు," అంది. "అయినా రా."

పావుగంటలో వచ్చాడు. ఆకలి లేదని అందరితో చెప్పి ముట్టకుండా ఉంచిన తన ముక్కను ఆమె అతని ముందుకు జరిపింది. నాకు చాలా సంతోషమైంది.

రాజైనవాడే వచ్చే ఏడు రొట్టె తేవాలి. అందుకని ఇప్పుడు బకారీ కొట్లో, అర్మాన్ మేకుల డబ్బాలో ఉంటున్నాను. ఆ గడప తొక్కనని ఏడాదిపాటు భీష్మించుకున్న జోసెట్, నన్ను ఎలుకలు తినేస్తాయేమోనని రోజూ వచ్చి చూస్తోంది. చూసి, డబ్బా మూసి, భర్త స్టూలు మీద గంటసేపు కూర్చుంటుంది. ఎలుకలు పింగాణి తినవని బకారీ చెప్పడు. నేనూ చెప్పను.